రలిత్స తల ఊపింది

మొదటిరోజే ఆవిడ నా చెయ్యి మెలిపెట్టింది.

తప్పంతా గొడుగుది. ఆ మధ్యాహ్నం డాన్యూబ్ నది ఒడ్డున మా రూసే ఊరంతా కుండపోత వాన. మా ప్రచురణ సంస్థ ఒక బానిత్సా కొట్టు పైన రెండు గదుల్లో ఉంటుంది. కింద వెన్నా జున్నూ పెట్టిన పొరల రొట్టెలు కాలుతుంటే పైన మేం ప్రూఫులు దిద్దుకుంటూ లొట్టలు వేస్తుంటాం. నేను తడిసి ముద్దై మెట్లెక్కుతుంటే ఎవరో ఒకావిడ దిగిపోతోంది. పొట్టి జుట్టు, బూడిదరంగు కోటు. గోడవారగా చప్పుడు కాకుండా జారుకుంది. లోపల మా యజమాని దిమో గారు ఒక కాగితాల కట్ట ముందేసుకుని కూర్చున్నారు.

"ఒరేయ్ ప్లామెన్, ఆవిడ గొడుగు మర్చిపోయింది. పరిగెత్తు!"

పరిగెత్తాను. వీధి చివర బూడిదరంగు కోటు కనబడింది. "మేడమ్! మేడమ్!" అని అరిచాను. ఆవిడ వెనక్కి చూడకుండా నడక పెంచింది. నేనూ పెంచాను. కుడికి తిరిగింది, నేనూ తిరిగాను. మందుల షాపు ముందు ఆగి అద్దంలోకి చూసింది, నేనూ ఆగి రొప్పాను. మళ్ళీ మలుపు తిరిగింది. నేను వెళ్ళి చూసేసరికి సందులో పిట్ట కూడా లేదు.

ఇంతలో వెనకనుంచి ఎవరో నా చెయ్యి పట్టుకుని వీపుకేసి విరిచారు.

"ఎవరు పంపారు నిన్ను?" చెవి పక్కన చల్లగా ఒక గొంతు.

"అమ్మో! దిమో... దిమో గారు!"

"ఏ దిమో?"

"మా దిమో గారండీ! ప్రచురణ! గొడుగు! మీ గొడుగు!"

చెయ్యి వదిలేసింది. తిరిగి చూశాను. కనురెప్పల మీద వాన చుక్కలు నిలబడి ఉన్నాయి. కింది పెదవిని పళ్ళకింద నొక్కిపెట్టి నవ్వు ఆపుకోలేక ఛస్తోంది. నాకు ఒళ్ళు మండింది. ఒళ్ళు మండుతూనే, ఎంత బావుందిరా బాబూ అనుకున్నాను.

"సారీ," అంది. "అలవాటు."

"ఏం అలవాటండీ ఇది? గొడుగు తెచ్చిస్తే చెయ్యి విరుస్తారా?"

"నాతోపాటు ప్రతి మలుపూ తిరిగారు. అలా తిరిగేవాణ్ణి ఊరికే వదిలిపెట్టకూడదని నేర్పారు మాకు."

"ఎవరు నేర్పారు?"

నా చేతిలోని గొడుగు లాక్కుంది. గొడుగు విప్పి సగం నా తలమీదికి పట్టింది. "పదండి, మీ ఆఫీసుదాకా దింపుతాను. మీకు జలుబు చేస్తే నా పుస్తకం ఎవరు చూస్తారు?"

ఆవిడ పేరు రలిత్స. మా ఊరి పిల్లే. రేవు వెనక వీధిలో పుట్టి పెరిగింది. తర్వాత గూఢచారి శాఖలో చేరి, తొమ్మిదేళ్ళు పరాయి దేశంలో పరాయి పేరుతో బతికింది. ఎక్కడా అని అడిగితే "వానలు పడేచోట" అంటుంది, అంతే. ఆ ఉద్యోగం వదిలేసి ఇంటికొచ్చి గూఢచారి నవలలు రాయడం మొదలుపెట్టింది. మొదటి రెండూ రాజధానిలో ఎవరో వేశారు, బ్రహ్మాండంగా అమ్ముడుపోయాయి. మూడోది సొంత ఊళ్ళోనే రావాలని పట్టుబట్టి మా దగ్గరికి వచ్చింది.

ఆ రాత్రంతా ఆమె నవల చదివాననుకుంటున్నారేమో, నాకు అంత ఓపిక లేదు. మర్నాడు ఆఫీసులో బానిత్సా తింటూ చదివాను. ఆమె రాసిన ప్రతి పేజీ ముందుగా తన పాత ఆఫీసువాళ్ళకి పంపాలట. వాళ్ళు చూసి, అక్కర్లేదనుకున్న వాక్యాల మీద నల్ల సిరా పూసి తిప్పి పంపుతారు. కథానాయిక ఒక బాల్కనీలో ఎవరికోసమో ఎదురుచూస్తుంటుంది. తర్వాతి పేజీ మొత్తం నలుపు.

ఆమె రాగానే మొదట అదే అడిగాను.

"ఈ నల్ల పేజీలో ఏముందండీ? ముద్దా?"

"ఎదురింటి పైకప్పు."

"పేజీ మొత్తం పైకప్పేనా?"

"చాలా మంచి పైకప్పు, ఎడిటర్ గారూ."

కళ్ళు నవ్వుతున్నాయి. ముఖం మాత్రం రాయి. నాకెందుకో ఆ పైకప్పు మీద అసూయ పుట్టింది.

"చూడండి," అన్నాను గట్టిగా, ఎడిటర్లా. "మీ పుస్తకంలో అందరూ ఎదురుచూస్తారు. బస్సు కోసం, ఫోను కోసం, కిటికీలో దీపం కోసం. ఎవ్వరూ ఎవర్నీ ప్రేమించరు."

"గూఢచారులకు అంత తీరిక ఉండదు."

"పాఠకులకు ఉంటుందండీ! ఒక్క ప్రేమకథ, చిన్నది. పెడతారా?"

ఆమె నావైపు అలా చూసింది. తర్వాత తల పైకీ కిందికీ ఊపింది. లేచి వెళ్ళిపోయింది.

మా దేశంలో అవునంటే తల అడ్డంగా ఆడిస్తాం. కాదంటే పైకీ కిందికీ ఊపుతాం. పాలు తాగే పిల్లలకు కూడా తెలిసిన సంగతి ఇది. డాన్యూబ్ వంతెన దాటి అవతలి ఒడ్డుకు, రొమేనియాకు, వెళ్తే అక్కడంతా దీనికి తలకిందులు. కానీ ఈమె మా రేవు వెనక వీధి పిల్ల కదా! నోరు విప్పి "కుదరదండీ" అనైనా అనకుండా తల ఎగరేసి పోయిందే అని నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

"పొగరు సార్," అన్నాను దిమో గారితో. "ఆవిడ పుస్తకం మీరే చూసుకోండి."

"నువ్వే చూస్తావు," అన్నారాయన తలెత్తకుండా.

కొన్నాళ్ళకు ఆమె మళ్ళీ వచ్చి నా టేబుల్ మీద ఒక కొత్త కట్ట పడేసింది. "ఇదిగో, మీ ప్రేమ."

నేను నోరు వెళ్ళబెట్టాను. "కుదరదన్నారుగా?"

"ఎప్పుడన్నాను?"

"ఆ రోజు! తల ఊపారుగా!"

"ఊపాను. సరే అని ఊపాను!"

"సరే అని ఇలా ఊపుతారా ఎవరైనా?" అని నేను ఊపి చూపించాను.

ఆమె ఒక్క క్షణం నా ముఖంలోకి చూసి పగలబడి నవ్వింది. కింద కొట్టువాళ్ళకు కూడా వినబడేట్టు నవ్వింది. కళ్ళు తుడుచుకుని కుర్చీలో కూలబడింది.

"శిక్షణలో భాష కంటే ముందు తల నేర్పుతారండీ మాకు," అంది. "నాతోపాటు ఒకడుండేవాడు. పరాయి భాష నీళ్ళు తాగినట్టు మాట్లాడేవాడు. అక్కడికెళ్ళిన మొదటివారమే హోటల్లో వెయిటరు ఇంకో కాఫీ తెమ్మంటారా అంటే మనలాగా తల అడ్డంగా ఆడించాడు. కాఫీ రాలేదు. ఎందుకు తేలేదని వెయిటరు మీద కేకలేశాడు. పక్క టేబుల్లో ఉన్నవాడికి అర్థమైపోయింది ఇతనెక్కడివాడో. మర్నాడు విమానం ఎక్కించి ఇంటికి పంపేశారు."

"మరి మీరు?"

"నేను మంచి విద్యార్థిని. నిద్రలో లేపి అడిగినా వాళ్ళలాగే ఊపేదాన్ని. ఇప్పుడు ఇంటికొచ్చాక నా తల ఏ దేశానిదో నాకే తెలీడంలేదు. కూరగాయల కొట్లో సంచీ కావాలా అంటారు. ఊపుతాను. సంచీ ఇవ్వరు. టమాటాలన్నీ ఒళ్ళో పోసుకుని నడుస్తాను."

నవ్వుతూనే చెప్పింది గానీ చివర గొంతు కొంచెం తగ్గింది. సొంత ఊళ్ళో టమాటాలు ఒళ్ళో పోసుకుని ఒంటరిగా నడిచిపోతున్న మనిషి నా కళ్ళ ముందు కనబడింది. నా కోపం ఎటు పోయిందో పోయింది.

"నా దగ్గర తల వాడకండి," అన్నాను. "ముఖ్యమైన విషయం ఏదైనా సరే, నోటితో చెప్పండి. ఒప్పందమా?"

"ఒప్పందం," అంది నోటితో, చాలా శ్రద్ధగా.

ఆ తర్వాత పుస్తకం పని నిజానికి నెల్లాళ్ళలో అయిపోవాలి. ఎండాకాలం దాటినా అవలేదు. కామా ఎక్కడ పెట్టాలని ఒక సాయంత్రమంతా పోట్లాడుకునేవాళ్ళం. ఆఫీసు మూసేశాక నది ఒడ్డున నడుస్తూ మిగతా పోట్లాట పూర్తిచేసేవాళ్ళం. మీరు పోయి నువ్వు ఎప్పుడొచ్చిందో నాకు గుర్తు లేదు. వాన పడితే ఒకే గొడుగు. రెండో గొడుగు నా సంచీలో ఉండేది, కానీ నేను తీసేవాణ్ణి కాదు.

"నీ సంచీలో గొడుగుంది," అంది ఒకరోజు.

"లేదే!"

"సంచీ కుడిపక్క బరువుగా వేలాడుతోంది, ప్లామెన్. చెక్కపిడి. పోయినవారం కూడా ఉంది."

నా చెవులు ఎర్రబడ్డాయి. "మరి అప్పుడే చెప్పలేదేం?"

"చెబితే తీసేవాడివిగా!" అని ఇంకొంచెం దగ్గరికి జరిగింది.

చూశారా, ఇలా ఉండేది. నాకు రాత్రిళ్ళు నిద్ర పట్టేది కాదు. పొద్దున్నే ఆమె వస్తే, నా బూట్లమీద మట్టి చూసి ఏ దారిన వచ్చానో చెప్పేది, చొక్కా మీద పిండి చూసి ఎన్ని బానిత్సాలు లాగించానో చెప్పేది. నా మనసులో ఏముందో మాత్రం చెప్పేది కాదు. తెలిసి చెప్పలేదో, తెలియకే చెప్పలేదో ఈ గూఢచారితో ఎలా తేలుతుంది?

ఒక్కటి మాత్రం నేనే గమనించాను. ఆమె తల మెల్లగా ఇంటికి వస్తోంది. కాఫీ తాగుతావా అంటే అడ్డంగా ఆడించడం మొదలుపెట్టింది. అలసిపోయావా అంటే అడ్డంగా. ఇంకాసేపు ఉంటావా అంటే అడ్డంగా, మళ్ళీ మళ్ళీ అడ్డంగా. అదంతా నా గొప్పేనని ఛాతీ విరుచుకుని తిరిగాను.

ఆదివారం ఒకరోజు రలిత్సను మా ఇంటికి, నేదా బామ్మ దగ్గరికి, భోజనానికి తీసుకెళ్ళాను. అమ్మానాన్నా పోయాక నన్ను పెంచింది ఆవిడే. ముక్కు మీద కోపం, చేతిలో గరిటె. ఆ రోజు మాంసం, బియ్యం కూరిన పెద్ద మిరపకాయలు వండింది, పైన పెరుగు. రలిత్స మొదటిది తిని కళ్ళు మూసుకుంది.

"ఇంకోటి వెయ్యనా తల్లీ?" అంది బామ్మ.

రలిత్స నోటినిండా కూర. తల పైకీ కిందికీ ఊపింది.

బామ్మ గిన్నె చటుక్కున వెనక్కి లాగేసింది. "నచ్చలేదు కాబోలు," అంది ముఖం ముడుచుకుని. గిన్నె తీసుకెళ్ళి పొయ్యి మీద పెట్టేసింది.

రలిత్స కళ్ళు ఆ గిన్నె వెంటే వెళ్ళాయి. బల్లకింద నా కాలు తొక్కింది. "చెప్పు! నాకు కావాలని చెప్పు!"

"నువ్వే చెప్పు. నోటితో. ఒప్పందం."

"రాక్షసుడా!" అని గొణిగి, గొంతు సవరించుకుంది. "బామ్మగారూ, ఇంకో రెండు వెయ్యండి. మూడైనా పర్లేదు."

"మరి ఆ తల ఊపుడేంటే?"

కాఫీ వెయిటరు కథంతా చెప్పింది. బామ్మ గరిటె పట్టుకుని నిలబడి విని, కళ్ళనీళ్ళు వచ్చేదాకా నవ్వి, గిన్నె తెచ్చి ఆమె ముందే పెట్టేసింది. "నా మనవడు వంట చేస్తే వచ్చినవాళ్ళంతా నిజంగానే ఊపుతారే అలా," అని నన్ను కూడా వదల్లేదు.

ఆమెను దింపడానికి వెళ్తూ అడిగాను, "ఈమధ్య నీ తల బాగానే ఉందిగా? ఇవాళ ఏమైంది?"

"మీ బామ్మంటే భయమేసింది. నేను నచ్చుతానో లేదో అని. భయమేస్తే ఆ పాత తలే వస్తుంది నాకు."

ఆ మాట ఈ చెవితో విని ఆ చెవితో వదిలేశాను. నా మనసంతా 'నచ్చుతానో లేదో' అన్నచోటే ఆగిపోయింది మరి! ఇంటికి ఎలా చేరానో కూడా తెలియదు.

ఆకులు రాలేకాలానికి పుస్తకం అచ్చయి వచ్చింది. శనివారం గ్రంథాలయం హాల్లో ఆవిష్కరణ సభ. ముందురోజు సాయంత్రం రలిత్సా నేనూ నది ఒడ్డున నడుస్తున్నాం. అవతలి ఒడ్డున రొమేనియా దీపాలు ఒక్కొక్కటే వెలుగుతున్నాయి.

"రేపు ఒవిదియు గారని ఒకాయన వస్తున్నాడు, రొమేనియాలోని బుకారెస్ట్ నుంచి," అంది. "టీవీకి గూఢచారి సీరియల్ తీస్తాడట. నన్ను అక్కడే ఉండి రాయమంటున్నాడు. రెండేళ్ళు."

నా కాళ్ళు ఆగిపోయాయి. "నువ్వేమన్నావు?"

"రేపు సభ అయ్యాక చెబుతానన్నాను." ఆగి నావైపు తిరిగింది. "నాకు పరాయి ఊళ్ళు అలవాటేగా. ఇక్కడ నన్ను ఆపేది ఏముంది చెప్పు?"

సన్నగా చినుకులు మొదలయ్యాయి. నేను మాటలు వెతుక్కోలేదు. అవే దూకాయి.

"నేనున్నాను! నేను లేనా? నీ చెయ్యి నా చెయ్యి విరిచిన రోజునుంచీ నాకు నువ్వు తప్ప ఇంకో ఆలోచన లేదు రలిత్సా! వెళ్ళకు. నన్ను పెళ్ళి చేసుకో. ఉండిపో. ఉంటావా?"

ఆమె ముఖం పాలిపోయింది. పెదవులు కదిలాయి, మాట రాలేదు. నా కళ్ళలోకి చూస్తూ తల పైకీ కిందికీ ఊపింది. మళ్ళీ ఊపింది.

నా గుండె జారి నదిలో పడింది.

ఎన్ని నెలలుగా నా దగ్గర ఆమె తల మనలాగే ఆడుతోందో నాకు తెలుసు. కాఫీకి అడ్డంగా, షికారుకు అడ్డంగా. పెళ్ళికి మాత్రం పైకీ కిందికీ! ఇంకా అడగడానికి ఏముంది? ఒప్పందం, నోరు, మిరపకాయలు, ఒక్కటి గుర్తొస్తే ఒట్టు.

"సరే," అన్నాను. "అర్థమైంది."

ఆమె కళ్ళనిండా నీళ్ళు. "నిజంగా అర్థమైందా?"

"చూశానుగా. గుడ్డివాణ్ణా?" గొడుగు ఆమె చేతిలో పెట్టాను. "నేను వెళ్తాను. బామ్మ ఎదురుచూస్తుంటుంది."

ఏడుస్తూనే నవ్వింది! "వెళ్ళు, వెళ్ళు! పరిగెత్తు!" అంది.

వదిలించుకోవడానికి ఇంత తొందరా అనుకుని నిజంగానే పరిగెత్తాను. సంచీలో రెండో గొడుగుంది. తియ్యలేదు. తడిస్తే తడవనీ అనుకున్నాను. ఫోను ఆపేశాను. బామ్మతో తలనొప్పని చెప్పి ముసుగుతన్నాను.

పొద్దున్నే, బామ్మ లేవకముందే హాలుకు పోయి కుర్చీలు వేశాను. జనం రావడం మొదలైంది. ఒవిదియు గారు ముందే వచ్చి మొదటి వరుసలో కూర్చున్నారు. గుండ్రటి మనిషి, మంచి నవ్వు, మా భాష నాలుగు ముక్కలు వచ్చు. ఆయన మంచితనం చూసి నాకు ఇంకా కడుపు మండింది.

అప్పుడొచ్చింది రలిత్స. ఎర్ర గౌను. ముఖం వెలిగిపోతోంది. పక్కన చెయ్యి పట్టుకుని, చేతిలో పూలగుత్తితో మా బామ్మ! బామ్మ నన్ను చూసి కన్ను కొట్టింది. నాకు ఏమీ అర్థం కాలేదు.

రలిత్స నన్ను స్తంభం పక్కకు లాగింది. "ఫోన్ ఎందుకు ఆపేశావు? రాత్రంతా చేశాను!"

"ఛార్జింగ్ లేదు."

"బామ్మకు ఎందుకు చెప్పలేదు మరి? పొద్దున పూలు తీసుకుని వెళ్తే ఆవిడకు ఏమీ తెలీదు. నేనే చెప్పాల్సొచ్చింది, ఎంత సిగ్గేసిందో తెలుసా?"

"ఏం చెప్పాలి? ఊరంతా టాంటాం వెయ్యాలా?"

"వెయ్యొద్దా?" నవ్వింది.

"నీకు సరదాగా ఉందేమో రలిత్సా. నాకు లేదు. నిన్నటిది మర్చిపోదాం. నేను అడగనేలేదనుకో."

ఆమె ముఖంలో దీపం ఆరిపోయింది. నేను కళ్ళారా చూశాను. నన్ను కాదన్న మనిషికి అంత బాధ ఎందుకో ఆగి ఆలోచించాల్సింది. ఆలోచించే బుర్ర ఉంటే నేను ఎడిటర్ని ఎందుకవుతాను!

"సరే," అంది మెల్లగా. "అడగలేదనే అనుకుంటాను." వెళ్ళి వేదిక మీద కూర్చుంది. వీపు గోడకు, కళ్ళు తలుపు మీద. పాత ఉద్యోగంలో కూర్చునేట్టు.

దిమో గారు నాలుగు మాటలు చెప్పారు. తర్వాత నేను మైకు పట్టుకుని పుస్తకాన్ని పరిచయం చేశాను. ఏదో చెప్పాననుకుంటా, ఏం చెప్పానో తెలియదు. ప్రశ్నలు అడగండి అన్నాను. వెనక వరుసలోంచి కళ్ళద్దాల అమ్మాయి లేచింది.

"కథ చివర్లో ఆవిడ బాల్కనీలోనే ఉంది కదండీ. తర్వాత ఏమవుతుంది? ఆ ఊళ్ళో ఉండిపోతుందా, వెళ్ళిపోతుందా?"

రలిత్స నీళ్ళు తాగింది. "ఉండిపోతుందనే అనుకున్నాను, ఇవాళ పొద్దున్నదాకా. ఇప్పుడు వెళ్ళిపోతుందేమో అనిపిస్తోంది."

మొదటి వరుసలో ఒవిదియు గారు సంతోషంగా ముందుకు జరిగారు.

నాకు ఆగలేదు. చేతిలో మైకు ఉందన్న సంగతి కూడా మర్చిపోయాను. "పొద్దున్నదాకానా? నిన్నే వద్దన్నావుగా!"

హాలంతా ప్రతిధ్వనించింది.

"ఎవరు వద్దంది?" రలిత్స లేచి నిలబడింది.

"నువ్వే! తల ఊపావు!"

"ఊపాను! ఊపితే నువ్వు అర్థమైందన్నావు!"

"ఇలా ఊపితే అర్థమవదా మరి?"

జనం మా ఇద్దరివైపూ మార్చి మార్చి చూస్తున్నారు. మధ్య వరుసలోంచి బామ్మ లేచింది, పూలగుత్తితో సహా.

"ఎలా ఊపిందిరా?"

"ఇలా బామ్మా." నిలువునా ఊపి చూపించాను.

"మిరపకాయలప్పుడు ఊపినట్టా?"

మిరపకాయలు. గిన్నె. మీ బామ్మంటే భయమేసింది. భయమేస్తే ఆ పాత తలే వస్తుంది నాకు. ఆ చెవిలోంచి వదిలేసిన మాట తిరిగొచ్చి చెంప మీద కొట్టింది.

"ఓరి మొద్దూ!" అంది బామ్మ. "దాని ముందునుంచి గిన్నె లాగేసుకున్నది నేనొక్కదాన్నే అనుకున్నా. నువ్వూ లాగేశావురా!"

హాలంతా గొల్లుమంది. నాకు ఎవరూ కనబడలేదు. రలిత్స ఒక్కతే కనబడింది. మైకు దిమో గారి ఒళ్ళో పడేసి ఆమె దగ్గరికి వెళ్ళాను.

"నేనంటే భయమా నీకు?"

"నువ్వంటే కాదు," అంది. "ఆ తొమ్మిదేళ్ళలో నాకు భయమెయ్యలేదనుకోకు. కానీ అప్పుడు దొరికిపోతే పోయేది నాది కాని పేరు. నిన్న పోయేదల్లా నాదే ప్లామెన్. ఈ ఊరు, నువ్వు, ఆ బామ్మ. నోరు పెగల్లేదు. తల తనంతట తనే ఊగింది. నీకు అర్థమైందన్నావు కదాని ఇంటికెళ్ళి చిన్నపిల్లలా గంతులేశాను."

"నేనేమో ముసుగుతన్ని ఏడ్చాను!"

"మంచిపని అయింది!" అంటూ నా భుజం మీద ఒకటి వేసింది. ఆ వెంటనే అదే భుజం పట్టుకుంది. "నోటితో చెప్పమని అడగొచ్చుగా? ఒప్పందం నువ్వే పెట్టావుగా?"

"మర్చిపోయాను. నాకూ భయమేసింది."

వెనకనుంచి కళ్ళద్దాల అమ్మాయి అరిచింది, "మళ్ళీ అడగండి సార్!" అందరూ అందుకున్నారు. అడగండి, అడగండి అని చప్పట్లు చరుస్తున్నారు. దిమో గారు కూడా చరుస్తున్నారు, నా జీవితంలో ఆయన దేనికైనా చప్పట్లు కొట్టడం అదే మొదలు.

అడిగాను. వీలైనంత గట్టిగా అడిగాను.

"రలిత్సా, నన్ను పెళ్ళి చేసుకుంటావా? ఇక్కడే ఉంటావా?"

ఆమె నోరు తెరిచింది. ఒప్పందం ప్రకారం చెప్పాలని ఎంత ప్రయత్నించిందో నాకు తెలుసు. మాట రాలేదు, కన్నీళ్ళే వచ్చాయి. అంతలో ఆమె తల కదిలింది. మెల్లగా అటు, మెల్లగా ఇటు. తర్వాత పొట్టి జుట్టు చెంపలకు కొట్టుకునేంత జోరుగా అడ్డంగా, అడ్డంగా, అడ్డంగా.

కేకలతో హాలు పైకప్పు లేచిపోయింది. నేను ఆమెను ఎత్తి గిరగిరా తిప్పేశాను. బామ్మ వేదిక మీదికి రాలేక, చేతిలో పూలగుత్తిని కిందనుంచే మా మీదికి విసిరింది. "రేపు ఆదివారం! మిరపకాయలు! ఇద్దరూ రండి, ఈసారి గిన్నె నా దగ్గర ఉంచుకోను!" అని అరిచి శాలువా అంచుతో కళ్ళు తుడుచుకుంది.

ఆ గోలలో ఎవరో నా భుజం తట్టారు. తిరిగి చూస్తే ఒవిదియు గారు. ఆయన ముఖంలో ఎక్కడలేని జాలి.

"బాధపడకు నాయనా," అన్నారు నాలుగు ముక్కల మా భాషలో. "ఇంతమంది ముందు అలా గట్టిగా కాదనడం అన్యాయమే. నీకు ఇంకో మంచి అమ్మాయి దొరుకుతుంది. ఈమెను మేం బుకారెస్ట్‌లో బాగా చూసుకుంటాం. వస్తుందిగా మాతో?"

నా చేతుల్లో రలిత్స నవ్వు ఆపుకోలేక నా మెడలో ముఖం దాచుకుంది. నా తల ఊగబోయింది. రెండు చేతులతో పట్టుకున్నంత పనిచేసి ఆపాను.

"రాదండీ," అన్నాను, నోటితోనే. "తను ఇక్కడే ఉంటుంది."